జలాంతర్గామి: కీల్ రేవు నుండి విశాఖ తీరం వరకు

గత విద్యా సంవత్సరంలో మన కళాశాల విద్యార్థులు విశాఖపట్నానికి విజ్ఞానయాత్ర చేసి వచ్చిన సంగతి ఈ సంచిక పాఠకులకు తెలిసినదే. బూర్గంపాడు నుండి బయలుదేరి, భద్రాచలం వంతెన దాటి, చింతూరు, మారేడుమిల్లి ఘాట్ మీదుగా రాజమండ్రి చేరి, అక్కడి నుండి విశాఖకు వెళ్ళాము. అడవి అంచున పుట్టి పెరిగిన మా పిల్లలలో చాలామందికి అదే తొలి సముద్ర దర్శనం. తిరిగి వచ్చిన తరువాత ఖర్చుల పట్టిక కమిటీ ముందుకు వచ్చినప్పుడు పెద్దలొకరు నన్ను ఒక ప్రశ్న అడిగారు. "లెక్చరర్ సాబ్, ఓడరేవు చూపించారు, ఉక్కు కర్మాగారం చూపించారు, మంచిదే. ఒడ్డున పెట్టిన ఆ ఇనుప గొట్టంలో పిల్లలకు ఏం చదువు దొరికింది? అక్కడే సగం పూట గడిపారట!" ఆ ప్రశ్నలో వెటకారం లేదు. కళాశాల సొమ్ముకు లెక్క అడగడం వారి బాధ్యత. ఆనాడు నేను తడబడి ఏదో చెప్పి కూర్చున్నాను. సావకాశంగా చెప్పవలసిన జవాబును ఈ వ్యాసంలో చెబుతున్నాను. నేను భాషాబోధకుడను కనుక ఇందులోని శాస్త్ర విషయాలను భౌతికశాస్త్ర శాఖలోని మిత్రులకు చూపించి సరిచేసుకున్న తరువాతనే అచ్చుకు ఇచ్చాను.

భాషాబోధకుడను కనుకనే మాటతో మొదలుపెడతాను. జలాంతర్గామి అన్నది సంస్కృత సమాసం. నీటి లోపల సంచరించేది అని అర్థం. మన కళాశాలలో ఉర్దూ చదివే విద్యార్థులు దీనిని ఆబ్‌దోజ్ అంటారు. ఆబ్ అంటే నీరు. దోజ్ అన్నది ఫారసీలో కుట్టుటకు సంబంధించిన మాట. చీరల మీద బంగారు తీగెతో చేసే జర్దోజీ పనిలో ఉన్నది కూడా ఈ దోజే. సూది గుడ్డలో దిగినట్లు నీటిలో దిగేది అని మనం ఊహించుకోవచ్చును. జర్మన్ భాషలో ఉంటర్‌జేబోట్, అనగా సముద్రం క్రింది పడవ. దాని సంక్షిప్త రూపమే ప్రపంచమంతా ఎరిగిన యు-బోట్. మూడు భాషల మూడు పేర్లూ ముచ్చటైనవే. కాని మూడింటిలో ఏదీ ఆ నౌక తిరిగి పైకి రావడాన్ని గురించి చెప్పదు. జలాంతర్గామి నిర్మాణ చరిత్ర అంతా చదివితే మాత్రం మనుషులు తపన పడినదంతా ఆ పైకి రావడం కోసమేనని బోధపడుతుంది. మునగడానికి విద్య అక్కరలేదు. చిల్లు పడిన ప్రతి పడవా మునుగుతుంది.

విద్యార్థులు తమ ఇంటి బిందెను తలచుకోవాలి. ఖాళీ ఇత్తడి బిందెను గోదావరిలో నిలబెడితే తేలుతుంది. సగం నీరు పోస్తే మరికొంత దిగి తేలుతుంది. నిండితే బుడుంగున మునుగుతుంది. తాను తొలగించిన నీటి బరువు తన బరువుకు సమానంగా ఉన్నంత వరకు ఏ వస్తువైనా తేలుతుందని ఆర్కిమెడిస్ చెప్పిన సూత్రం ఇదే. భద్రాచలం అడవుల నుండి వెదురు, కలప తెప్పలుగా కట్టి గోదావరి మీద రాజమండ్రి దాకా నడిపిన మన పెద్దలకు ఈ సూత్రం పేరు తెలియకపోయినా సంగతి తెలుసు. ఇక మునిగిన బిందెను చేత్తో పట్టకుండా పైకి తేవడం ఎలా? నీటి అడుగునే దానిలోని నీటిని బయటకు నెట్టి, ఆ చోటును గాలితో నింపాలి. జలాంతర్గామి చేసే పని సరిగా ఇదే. దాని ప్రక్కలలో బల్లాస్ట్ ట్యాంకులనే పెద్ద తొట్లు ఉంటాయి. మునగవలసినప్పుడు వాటి పైమూతలు తెరిస్తే గాలి పోయి క్రింది నుండి సముద్రపు నీరు నిండుతుంది. తేలవలసినప్పుడు ఇనుప సీసాలలో అణచి ఉంచిన గాలిని ఆ తొట్లలోకి వదిలితే అది నీటిని వెళ్ళగొడుతుంది. కనుక జలాంతర్గామిలో అన్నిటికన్న విలువైన సరకు టార్పెడో కాదు, ఆ సీసాలలోని గాలి.

ఈ సంగతి తెలియడానికి మనుషులు చెల్లించిన మూల్యం చిన్నది కాదు. జర్మనీ ఉత్తర తీరంలో కీల్ అనే రేవు పట్టణం ఉన్నది. 1850లో ఆ ప్రాంతం డెన్మార్క్‌తో యుద్ధంలో ఉన్నది. డెన్మార్క్ నౌకలు రేవును దిగ్బంధించాయి. అప్పుడు విల్‌హెల్మ్ బవర్ అనే ఫిరంగిదళపు చిన్న ఉద్యోగి, నీటి అడుగున వెళ్ళి శత్రునౌకల క్రింద మందుగుండు అమర్చగల పడవ ఒకటి ఊహించాడు. కీల్‌లోని ష్వెఫెల్-హోవాల్ట్ కర్మాగారం దానిని నిర్మించింది. పేరు బ్రాండ్‌టౌకర్. పొడవు సుమారు 8 మీటర్లు. యంత్రం లేదు. ఇద్దరు మనుషులు లోపల చక్రాన్ని తొక్కితే మర తిరిగేది. బవర్ కోరిన దానికి తగిన సొమ్ము పుట్టలేదు. ఖర్చు తగ్గించడానికి రేకుల మందం తగ్గించారు. నీటికి వేరుగా తొట్లు కట్టడం మానివేసి, పడవ అడుగుభాగంలోకే నేరుగా నీరు వచ్చేటట్లు చేశారు. పొదుపు ఎక్కడ చేయవచ్చునో ఎక్కడ చేయరాదో తెలియని పొదుపు ఇది. కమిటీ పెద్దలు నన్ను మన్నింతురు గాక, ఈ వాక్యం ఎవరినీ ఉద్దేశించినది కాదు.

1851 ఫిబ్రవరి 1న బవర్, మరి ఇద్దరు సహచరులు కీల్ రేవులో ఆ పడవను ముంచారు. అడుగున స్వేచ్ఛగా ఉన్న నీరంతా ఒక్కసారి వెనుక భాగానికి పారింది. పళ్ళెంలో నీరు పోసి ఒక ప్రక్క ఎత్తితే ఏమవుతుందో అదే అయింది. తోక ముందుగా పడవ అడుగుకు జారింది. బయటి నీటి ఒత్తిడికి పలుచని రేకులు సొట్టలు పడ్డాయి, నీరు కారసాగింది. పైమూత తెరుచుకోదు. ఎందుకు తెరుచుకోదో ఇంటర్ విద్యార్థి కూడా లెక్క కట్టగలడు. ప్రతి 10 మీటర్ల లోతుకు చదరపు సెంటీమీటరు మీద సుమారు ఒక కిలోగ్రాము బరువు అదనంగా పడుతుంది. 50 సెంటీమీటర్ల వ్యాసం గల మూత వైశాల్యం సుమారు 1,960 చదరపు సెంటీమీటర్లు. అనగా కేవలం 10 మీటర్ల లోతున ఆ మూత మీద దాదాపు 20 క్వింటాళ్ళ బరువు కూర్చుని ఉంటుంది. ముగ్గురు కాదు, ముప్పై మంది నెట్టినా అది కదలదు.

ఇక్కడే బవర్ బుద్ధి పనిచేసిన తీరు చూడవలసినది. సహచరులు నీటిని బయటకు తోడాలని ఆరాటపడుతున్నారు. బవర్ మాత్రం నీటిని ఇంకా లోపలికి రానివ్వాలన్నాడు. మునిగిపోతున్న పడవలో ఆ మాట ఎవరికైనా పిచ్చిమాటలాగే వినిపిస్తుంది. కాని నీరు పెరిగిన కొద్దీ లోపలి గాలి కుంచించుకుపోతుంది. కుంచించుకుపోయిన కొద్దీ దాని ఒత్తిడి పెరుగుతుంది. బాయిల్ నియమం అదే కదా. లోపలి ఒత్తిడి, బయటి ఒత్తిడి సమానమైన క్షణాన మూత మీది బరువు మాయమవుతుంది. గంటల తరబడి చీకటిలో, చలిలో, మెడ దాకా వస్తున్న నీటిలో ఆ ముగ్గురూ వేచి ఉన్నారు. చివరకు మూత తెరుచుకుంది. గాలిబుడగతో పాటు ముగ్గురూ నీటి పైకి ఎగసి వచ్చి ప్రాణాలతో బయటపడ్డారు. ఆ పడవను 1887లో అడుగు నుండి వెలికితీశారు. ఇప్పుడు అది జర్మనీలోని డ్రెస్డెన్ నగరపు సైనిక మ్యూజియంలో ఉన్నది. పాఠ్యపుస్తకంలో రెండు పంక్తులుగా చదివి మరచిపోయే బాయిల్ నియమం మూడు ప్రాణాలను కాపాడిన ఉదంతాన్ని తరగతిలో చెప్పినప్పుడు వెనుక బెంచీలు కూడా నిశ్శబ్దమైపోవడం నేను చూశాను.

ఆ తరువాత అర్ధ శతాబ్దం గడిచింది. ఫ్రాన్స్, అమెరికా, ఇంగ్లండు దేశాలు జలాంతర్గాములను నిర్మించుకున్నా జర్మనీ నౌకాదళం వెనుకాడింది. నౌకాదళాధిపతి తిర్పిట్జ్‌కు పెద్ద యుద్ధనౌకల మీద ఉన్న మక్కువ ఈ చిన్న పడవల మీద లేదు. కీల్‌లోనే ఉన్న క్రుప్ కుటుంబపు గెర్మానియా నౌకానిర్మాణశాల మాత్రం స్పెయిన్‌కు చెందిన దెక్విలే అనే ఇంజనీరును చేర్చుకొని స్వంత ఖర్చుతో ఒక చిన్న నమూనా చేసింది. ఆ నమూనా రష్యాకు అమ్ముడుపోయింది. రష్యా మరి మూడింటికి ఆర్డరు ఇచ్చింది. పరాయివాడు కొన్న తరువాత గాని ఇంటివాడికి ఇంటి సరుకు విలువ తెలియదన్నట్లు, అప్పుడు జర్మనీ నౌకాదళం కూడా తనకొకటి కావాలన్నది.

అదే యు-1. 1906 ఆగస్టు 4న నీటిలోకి దిగింది. అదే సంవత్సరం డిసెంబరు 14న నౌకాదళంలో చేరింది. పొడవు 42 మీటర్ల పైచిలుకు. నీటిపై ఉన్నప్పుడు 238 టన్నులు, మునిగినప్పుడు 283 టన్నులు. ఈ రెండు సంఖ్యలలో ఒకదాని నుండి మరొకటి తీసివేస్తే 45 వస్తుంది. మునగడానికి అది త్రాగే నీరు అన్నమాట, సుమారు 45 టన్నులు. ముందు భాగంలో ఒకే ఒక టార్పెడో గొట్టం. ఉంచుకునే టార్పెడోలు మూడు. దిగగల లోతు సుమారు 30 మీటర్లు. నీటిపైన నడవడానికి కిరసనాయిలు ఇంజన్లు, నీటి అడుగున బ్యాటరీలతో నడిచే విద్యుత్ మోటార్లు. పెట్రోలు ఆవిరి మూసిన గదిలో పేలిపోయే ప్రమాదం ఉన్నదని కిరసనాయిలును ఎన్నుకున్నారు. ప్రమాదం తప్పింది గాని మరొక చిక్కు వచ్చిపడింది. ఆ ఇంజన్లు దట్టమైన తెల్లని పొగ చిమ్మేవి. దాక్కోవడానికే పుట్టిన నౌక తన తలపై పొగజెండా ఎగురవేసుకొని తిరిగేది! డీజిల్ ఇంజన్లు సిద్ధమై యు-19కు అమర్చే నాటికి మరి కొన్నేళ్ళు పట్టింది.

యు-1 ఎన్ని నౌకలను ముంచిందని విద్యార్థులు అడుగుతారు. ఒక్కటి కూడా లేదు. మొదటి ప్రపంచ యుద్ధం వచ్చేనాటికే అది పాతబడింది. దాని సేవ అంతా పరీక్షలకు, శిక్షణకు వినియోగమైంది. మునగడం, తేలడం, సరితూకంగా నిలవడం అనే విద్యను జర్మన్ నావికులు ఆ ఇరుకు గదులలోనే నేర్చుకున్నారు. ఆ పాఠశాలలో చదివిన విద్య ఏ ఫలితానికి దారితీసిందో కూడా చెప్పకపోతే సత్యాన్ని సగం దాచినట్లవుతుంది. 1914 సెప్టెంబరు 22 ఉదయం యు-9 అనే జలాంతర్గామి, అది కూడా కిరసనాయిలు ఇంజన్లదే, గంటన్నర వ్యవధిలో మూడు బ్రిటిష్ యుద్ధనౌకలను ముంచివేసింది. 1,400 మందికి పైగా మరణించారు. అదే రోజు రాత్రి మన వైపున ఎమ్డెన్ అనే జర్మన్ యుద్ధనౌక మద్రాసు రేవు మీద గుండ్లు కురిపించి చమురు ట్యాంకులను తగులబెట్టింది. అప్పుడు గోదావరి ఆవలి ఒడ్డున ఉన్న భద్రాచలం మద్రాసు రాజధానిలోను, ఈవలి ఒడ్డున ఉన్న బూర్గంపాడు నైజాం రాజ్యంలోను ఉండేవి. ఒక నది రెండు ప్రభుత్వాలను వేరు చేసినా, ఆ నిప్పు కబురు రెండు ఒడ్డులకూ చేరకుండా ఉండదు కదా.

యుద్ధానంతరం 1919లో ఒక విన్యాసంలో యు-1 మరొక నౌకతో ఢీకొని దెబ్బతిన్నది. పాత ఇనుముగా కరిగించవలసిన దానిని, నిర్మించిన కర్మాగారం వారే తిరిగి తీసుకొని బాగుచేయించి మ్యూనిక్ నగరంలోని జర్మన్ మ్యూజియానికి ఇచ్చారు. 1921 నుండి అది అక్కడే ఉన్నది. లోపలి గదులు కనిపించేటట్లు దాని ప్రక్కను కొంత కోసి ఉంచారు. రెండవ ప్రపంచ యుద్ధపు బాంబులకు దెబ్బతిన్నా మళ్ళీ బాగుచేసుకున్నారు. అది ఇప్పటికీ బోధిస్తూనే ఉన్నది.

ఈ కథ అంతా చెప్పిన తరువాత గాని కురుసుర దగ్గరకు రావడం నాకు ఇష్టం లేదు. ఎందుకంటే విశాఖ రామకృష్ణా బీచిలో మా విద్యార్థులు సగం పూట గడిపిన ఆ 'ఇనుప గొట్టం' మ్యూనిక్ నౌకకు తమ్ముడు వరుస అవుతుంది.

భారత నౌకాదళానికి మొదటి జలాంతర్గామి కల్వరి 1967 డిసెంబరు 8న చేరింది. వరుసలో నాలుగవది కురుసుర. సోవియట్ యూనియన్‌లో నిర్మించిన ఈ నౌకను 1969 డిసెంబరు 18న రీగా రేవులో మన నౌకాదళంలో చేర్చుకున్నారు. 1970 ఫిబ్రవరిలో స్వదేశానికి బయలుదేరింది. 1967 యుద్ధంతో సూయెజ్ కాలువ మూతపడి ఉన్న కాలం కనుక ఆఫ్రికా ఖండాన్ని చుట్టి రావలసి వచ్చింది. దారిలో ఘనా దేశపు టాకొరాడి, మారిషస్ రేవులలో ఆగింది. మరుసటి సంవత్సరం 1971 నవంబరులో అరేబియా సముద్రంలో గస్తీ తిరిగింది. ముప్పై ఒక్క సంవత్సరాల సేవ తరువాత 2001 ఫిబ్రవరి 27న విరమణ పొందింది. ఆ కాలంలో అది నడిచిన దూరం 73,500 నాటికల్ మైళ్ళు, అనగా సుమారు 1,36,000 కిలోమీటర్లు. భూమిని మూడుసార్లకు పైగా చుట్టివచ్చినంత. యు-1 వలె ఇది కూడా ఏ శత్రునౌకనూ ముంచలేదు. 2002 ఆగస్టులో ఇది ప్రదర్శనశాలగా మారింది. సముద్రం నుండి ఇసుక మీదికి లాగి నిలబెట్టడమే ఒక మహాయత్నమైనదని అక్కడివారు చెప్పారు.

పొడవు 91.3 మీటర్లు, వెడల్పు 7.5 మీటర్లు. బయటి నుండి చూచినప్పుడు పిల్లలు, "ఎంత పెద్దది సార్!" అన్నారు. లోపలికి అడుగుపెట్టిన మరుక్షణం, "ఇంత ఇరుకా సార్!" అన్నారు. రెండూ నిజమే. ఏడు గదులు. ఒక గది నుండి మరొక గదికి గుండ్రని కంతలో దూరి వెళ్ళాలి. తలవంచనివాడికి నుదుటి మీద బొప్పి తప్పదు, నాకు తప్పలేదు. ఒక గదిలో నీరు చేరితే ఉక్కు తలుపు మూసి తక్కిన గదులను కాపాడుకోవడానికే ఆ ఏర్పాటు. బవర్ పడవలో ఒకే గది ఉండడం, నీరు ఇష్టం వచ్చినట్లు పారడం ఎంత ముప్పు తెచ్చిందో గుర్తున్న విద్యార్థికి ఆ ఉక్కు తలుపు అర్థం వెంటనే తెలుస్తుంది.

ముందు ఆరు, వెనుక నాలుగు, మొత్తం పది టార్పెడో గొట్టాలు. మూడు డీజిల్ ఇంజన్లు, మూడు విద్యుత్ మోటార్లు. నేల క్రింద వందలకొద్దీ బ్యాటరీ గడులు. ఉన్నవారు సుమారు 75 మంది. టార్పెడోల ప్రక్కనే పడకలు. త్రాగే నీరు పొదుపుగా వాడుకోవాలి కనుక స్నానమనే మాట దాదాపు మరచిపోవలసిందే. డీజిల్ ఇంజను మనిషి వంటిది, గాలి లేనిదే బ్రతకదు. అందువల్ల బ్యాటరీలు నింపుకోవడానికి నౌక పైకి రావాలి, లేదా గాలి పీల్చే గొట్టాన్ని నీటి పైకి ఎత్తాలి. శత్రువుకు దొరికిపోయే సమయం అదే. యు-1 నాటి ఈ బలహీనత అరవై మూడేళ్ళ తరువాతి కురుసురలోనూ అలాగే ఉన్నది.

ఇక సంఖ్యలు. కురుసుర నీటిపై 1,950 టన్నులు, మునిగినప్పుడు 2,475 టన్నులు. తేడా 525 టన్నులు. ఒక ద్వితీయ సంవత్సరపు విద్యార్థిని ఈ తీసివేత అక్కడే చేసి, "అయితే సార్, అంత నీళ్ళు తాగినాక సరిగ్గా ఎక్కడ ఆగాలో దానికెట్ల తెలుస్తది?" అని అడిగింది. మాకు దారి చూపుతున్నవారు నౌకాదళంలో పనిచేసి విరమించిన పెద్దమనిషి. ఆయన ముఖం వికసించింది. అంతవరకు వల్లించినట్లు చెబుతున్న మాటలు ఆపి, ఆమె ముందు నిలబడి పావుగంట పాఠం చెప్పారు. ఆ పాఠమే మా యాత్రకు ఫలం అనుకుంటాను.

ఆయన చెప్పిన దాని సారం ఇది. నౌక బరువు క్షణక్షణం మారుతుంది. 75 మంది తింటున్న కొద్దీ బియ్యం, పిండి తరిగిపోతాయి. ఇంధనం ఖర్చవుతుంది. ఒక్క టార్పెడో వదిలితే ఒక టన్నుకు పైగా బరువు ఒకేసారి ముందు భాగం నుండి పోతుంది; తక్షణం అంతే నీరు లోపలికి తీసుకోకపోతే ముక్కు పైకి లేస్తుంది. అందుకని పెద్ద తొట్లకు తోడు, తూకం సరిచేసే చిన్న తొట్లు ముందు వెనుకల ఉంటాయి. వాటిని చూచేవాడు కంసాలి త్రాసు ముందు కూర్చున్నట్లు కూర్చోవాలి.

మనకు మరింత దగ్గరి సంగతి ఒకటి ఉన్నది. సముద్రపు నీరు మంచినీటి కన్నా నూటికి రెండున్నర పాళ్ళు బరువు. ఉప్పునీటిలో సరితూకంగా నిలిచిన 2,475 టన్నుల నౌకను పూర్తిగా మంచినీటిలోకి తెస్తే, దాని క్రింద ఆధారం దాదాపు 60 టన్నులు తగ్గిపోతుంది. అనగా నౌక ఒక్కసారిగా 60 టన్నులు బరువెక్కినట్లే. బంగాళాఖాతం ఇటువంటి చిక్కు గల సముద్రం. వర్షాకాలంలో గంగ, మహానది, గోదావరి, కృష్ణ తెచ్చి పోసే మంచినీరు దాని పైపొరను పలుచన చేస్తుంది. మన ఊరి దగ్గర గోదావరిలో కలిసే కిన్నెరసాని నీరు కూడా ధవళేశ్వరం దాటి, అంతర్వేది, యానాం దగ్గర సాగరంలో కలిసి ఆ పొరలో చేరుతుంది. ఈ మాట చెప్పినప్పుడు పిల్లలు ఒకరి ముఖం ఒకరు చూచుకున్నారు. తాము ఈత కొట్టిన నీరు జలాంతర్గామి తూకాన్ని మార్చగలదని వారు కలలోనైనా అనుకొని ఉండరు.

ఆ తీరం నుండి కదిలే ముందు విద్యార్థులు మరొక ప్రశ్న అడిగారు. అది గాజీని గురించి. దాటవేయడం నాకు సమ్మతం కాలేదు. 1945లో అమెరికా నౌకాదళంలో చేరి, తరువాత పాకిస్తాన్ చేతికి వచ్చిన జలాంతర్గామి గాజీ. 1971 నవంబరు 14న కరాచీ నుండి బయలుదేరి, ద్వీపకల్పాన్ని చుట్టి విశాఖ సమీపానికి వచ్చింది. డిసెంబరు 3, 4 తేదీల నడిమి రాత్రి ఆ తీరానికి సమీపంలోనే మునిగిపోయింది. రాజ్‌పుత్ నౌక వదిలిన డెప్త్ చార్జీల వల్ల మునిగిందని భారత నౌకాదళం చెప్పింది. అది తాను తెచ్చిన మందుపాతరలు పేలడం వల్లనే మునిగిందని పాకిస్తాన్ చెప్పింది. తేలిన వస్తువులు కొన్ని జాలరులకు దొరికాయి. లోపల 93 మంది ఉన్నారు. ఒక్కరూ బ్రతకలేదు. నౌక ఇప్పటికీ ఆ అడుగుననే ఉన్నది. మన విజయానికి గుర్తుగా బీచి రోడ్డులో స్మారక స్తంభం ఉన్నది. అది ఉండవలసినదే, మన పట్టణాన్ని కాపాడుకున్న రాత్రి అది. అయితే పిల్లలు కురుసుర మెట్లు దిగి, అదే ఇసుక మీద నిలబడి, ఆ వైపు సముద్రాన్ని చూస్తూ చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. ఒకరు మాత్రం, "సార్, వాళ్ళకు మూత తెరుచుకోలేదు కదా" అన్నారు. తరగతిలో చెప్పిన బవర్ కథ వారికి గుర్తున్నదని నాకు అప్పుడు తెలిసింది.

మిగిలిన చరిత్ర త్వరగా చెప్పి ముగిస్తాను. విశాఖలో జలాంతర్గాముల స్థావరం వీరబాహు 1971లో ఏర్పడింది. జలాంతర్గామి నావికులకు శిక్షణ ఇచ్చే సంస్థ 1974లో నెలకొన్నది, దాని పేరు శాతవాహన. రెండు తెరచాపల ఓడ బొమ్మతో నాణెములు ముద్రించిన రాజవంశపు పేరు నీటి విద్యాలయానికి పెట్టినవారి రసజ్ఞతను తెలుగు అధ్యాపకుడిగా మెచ్చుకోకుండా ఉండలేను. 1986లో మనకు శిశుమార్ అనే జలాంతర్గామి కీల్ నుండే వచ్చింది. నిర్మించిన సంస్థ మరేదో కాదు, 1850లో బవర్ పడవను చేసిన హోవాల్ట్ కర్మాగారపు వారసురాలే. అదే నమూనాలో శల్కిని మనవారే బొంబాయి మజగావ్ డాక్‌లో కట్టి 1992లో నౌకాదళానికి అప్పగించారు. 2009 జులై 26న విశాఖలోనే నిర్మించిన అణుశక్తి జలాంతర్గామి అరిహంత్ నీటిలోకి దిగింది. దాని తోబుట్టువు అరిఘాత్ 2024 ఆగస్టు 29న నౌకాదళంలో చేరింది. అణుశక్తికి గాలితో పని లేదు కనుక యు-1 నుండి కురుసుర దాకా వెంటాడిన ఊపిరి సమస్య వీటికి తీరిపోయింది. లోపలి మనుషులకు తిండి ఉన్నంత కాలం అవి నీటి అడుగున ఉండగలవు. అరిహంత్ వంటి నౌకల నిర్మాణానికి వెల్డింగు తెలిసినవారు, పైపులు అమర్చేవారు, విద్యుత్ పని ఎరిగినవారు, లెక్కలు వేసేవారు ఎందరో కావాలి. మన విద్యార్థులలో ముగ్గురు తిరిగి వస్తూ బస్సులోనే పాలిటెక్నిక్ ప్రవేశాలను గురించి నన్ను అడిగారు. వారి పేర్లు ఇక్కడ రాయడం లేదు, చేరిన తరువాత వారే చెబుతారు.

కమిటీ పెద్దలు కోరిన ఖర్చుల పట్టిక కార్యాలయంలో ఉన్నది. కురుసుర లోపల విద్యార్థులు వేసుకున్న బొమ్మలు, చేసిన లెక్కలు గల నోటు పుస్తకాలను గ్రంథాలయంలో బీరువా పక్కనున్న బల్ల మీద ఉంచాము. 525 టన్నుల తీసివేత మూడవ పుస్తకంలో ఉన్నది. తీరిక చేసుకొని ఒకసారి తిరగవేయవలసినదిగా మనవి.